జ్వరమున్నన్నాళ్ళ నౌకరి

వర్ని చుట్టుపక్కల ఊళ్ళలో దశరథం ఇల్లెక్కడని అడిగితే ఏ దశరథమని ఎదురు అడిగేవారు. జ్వరం దశరథమంటే మాత్రం పిల్లలు కూడా వచ్చి వాకిలి చూపించేవారు. అతను రోగిష్టి కాడు. ఇంటింటికీ తిరిగి "ఎవరికన్న జ్వరమొచ్చిందా?" అని అడగడమే అతని ఉద్యోగం. వచ్చిందని చెబితే ఆ మనిషి వేలి కొసన సూదితో గుచ్చి, ఒక చుక్క రక్తం గాజుపలక మీద తీసుకునేవాడు. అప్పటికప్పుడు చేదు గోళీలు మింగించి, పలకను నిజామాబాద్ పంపేవాడు. అక్కడ మైక్రోస్కోపులో చూసి చలిజ్వరమని తేలితే మళ్ళీ వచ్చి పూర్తి మందు తన ఎదుటే మింగేదాకా కదిలేవాడు కాదు.

పెద్ద కాలువ నీళ్ళు వచ్చాక ఆ నేలలో వరి పండింది, చెరుకు పండింది, దోమలూ అంతే పుష్కలంగా పెరిగాయి. ఇంట్లో అందరూ ఒకేసారి మంచాన పడి, పొయ్యి రాజేసే మనిషి లేక పస్తులున్న కుటుంబాల గురించి ముసలివాళ్ళు చెప్పుకునేవారు. దశరథం తల్లి ఆ జ్వరంతోనే పోయింది. అప్పటికి అతనికి ఆమె ముఖం గుర్తుండే వయసు కూడా లేదు.

దేశం మొత్తంలో మలేరియా లేకుండా చెయ్యాలని సర్కారు ప్రాజెక్టు మొదలుపెట్టినప్పుడు, ఏడో తరగతి పాసైన దశరథానికి పంతొమ్మిది వందల అరవైలో అందులో పని దొరికింది. చేతికిచ్చిన కాగితంలో 'తాత్కాలికం' అని ఉంది. ప్రాజెక్టు నడిచినన్నాళ్ళే ఈ పని అని దాని కింద ఇంకో వాక్యం. కొత్తగా కాపురానికి వచ్చిన నాగవ్వ ఆ మాటకు అర్థమేమిటని అడిగితే, "జ్వరమున్నన్ని రోజులు నౌకరి ఉంటది" అని నవ్వుతూ చెప్పాడు. ఆ రోజుల్లో చలిజ్వరం ఎప్పటికైనా పోతుందని నమ్మేవాళ్ళు తక్కువ. అందుకే ఇద్దరికీ దిగులనిపించలేదు.

మొదట్లో అతన్ని చూస్తే జనం తలుపులు వేసుకునేవారు. రక్తం తీసుకుపోయి పట్నంలో అమ్ముకుంటారని పుకారు. గోళీల చేదుకు పిల్లలు ఉమ్మేసేవారు. దశరథం వాళ్ళ అరుగు మీద కూర్చుని ముందు తన వేలు తానే పొడుచుకుని చూపించేవాడు. వానాకాలంలో కాలువ గట్టు బురదలో సైకిలును భుజాన వేసుకుని నడిచేవాడు. మూడు నాలుగేళ్ళు గడిచేసరికి, అతను రాని వారం "ఏమైండో, ఆయనకే జ్వరమొచ్చిందేమో" అని జనం అనుకునే దాకా వచ్చింది.

బోధన్ పట్టణంలో, దాని అవతల మంజీర దిక్కున్న చెరుకు ఊళ్ళలో ఇదే పని చేసేవాడు ఎజాజ్. రాకాసిపేటలో ఇల్లు. దశరథం కంటే నాలుగేళ్ళు పెద్ద, మాటకు మాట అప్పచెప్పే మనిషి. పరదా ఉన్న ఇళ్ళలో ఆడవాళ్ళకు జ్వరమొస్తే తన భార్య బిల్కిస్‌ను వెంట తీసుకుపోయేవాడు. ఆమె లోపలికి వెళ్ళి వేలు పొడిచి పలక తెచ్చి ఇచ్చేది. ఆమె పేరు ఏ కాగితంలోనూ లేదు. నెలకోసారి మందులు తెచ్చుకోవడానికి నిజామాబాద్ వెళ్ళినప్పుడు దశరథం, ఎజాజ్ ఒకే బస్సులో తిరిగి వచ్చేవారు. అట్లా స్నేహం కుదిరింది.

అరవై ఏడులో ఒక రోజు తాలూకా పనివాళ్ళందర్నీ నిజామాబాద్ ఆఫీసుకు పిలిచారు. పెద్ద అధికారి నిలబడి, ఏడాది పైబడి ఈ తాలూకాలో ఒక్క చలిజ్వరం కూడా దొరకలేదని చెప్పాడు. "ఇది మీ గెలుపు" అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. బూందీ పొట్లాలు పంచారు. ఆ తర్వాత గుమాస్తా ఒక్కొక్కరినీ పిలిచి, వచ్చే నెల నుంచి పనిలోకి రానక్కరలేదన్న కాగితం ఇచ్చాడు.

బూందీ పొట్లం ఒక చేతిలో, కాగితం ఒక చేతిలో పట్టుకుని ఎజాజ్ మెట్ల మీద నిలబడిపోయాడు.

"అంటే మనం పని మంచిగ చేసినందుకే తీసేసిండ్రా?" అన్నాడు.

దశరథం తన కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి జేబులో వేసుకున్నాడు.

ఇంటికి వచ్చి చెబితే నాగవ్వ ముందు నమ్మలేదు. "జ్వరం పోతే నీ కాళ్ళు పోయినయా, చేతులు పోయినయా? దవాఖాన్ల ఇంకో పని ఉండదా?" అంది. ఆమె అన్నది నిజమే. తమ తర్వాత చేరినవాళ్ళలో సిఫారసు ఉన్న కొందరిని దవాఖానాల్లోకి తీసుకున్నారని నెల తిరక్కముందే తెలిసింది. వాళ్ళలో ఒకరికి దశరథమే సూది పట్టుకోవడం నేర్పాడు.

ఆ సంగతే వాళ్ళిద్దరినీ నిజామాబాద్ ఖలీల్‌వాడిలో వకీలు బాపురావు ఇంటికి నడిపించింది. బాపురావు పొట్టిగా, దగ్గుతూ ఉండే మనిషి. ఇద్దరి మాటా పూర్తిగా విన్నాడు.

"పర్మనెంట్ చెయ్యుమని అడుగుదాం. ఇస్తరని నేను ఇప్పుడే చెప్పలేను. మీ కంటె వెనక వచ్చినోళ్ళను ఉంచుకొని మిమ్మల్ని తీసేసుడు తప్పని మాత్రం గట్టిగ వాదించొచ్చు. కాని ఒకటి యాదికి పెట్టుకోండి. కోర్టంటే ఓపిక."

దావా పడింది. సర్కారు తరఫున జవాబు వచ్చింది: ఆ తాలూకాలో మలేరియా లేదు, కాబట్టి ఆ పని లేదు, కాబట్టి ఆ ఉద్యోగం లేదు. బాపురావు దాన్ని చదివి వినిపించి, కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. "మీరు పని చేసిన తీరే మీకు అడ్డమొస్తున్నది" అన్నాడు.

పేషీలు నడిచాయి. ఒకసారి సర్కారు వకీలు రాలేదు, ఒకసారి జడ్జి బదిలీ అయ్యాడు. అరవై తొమ్మిదిలో తెలంగాణ ఉద్యమం లేచి బస్సులు ఆగినప్పుడు నెలల తరబడి కేసు కదలలేదు. ఎజాజ్ ఇంటి ముందు గదిలో సైకిళ్ళు బాగుచేసే దుకాణం పెట్టుకున్నాడు. నాగవ్వ నాట్లకూ కోతలకూ పోయింది. దశరథం చెరుకు కోతల కాలంలో బోధన్ అవతలి తోటల్లో బండ్లకు చెరుకు ఎత్తే పనికి కుదిరాడు. ఆ తోటలకు పోతుంటే దారిలో తన పాత ఊళ్ళవాళ్ళు కొందరు ఆపి, "దశరథం, మళ్ల ఎప్పుడొస్తవ్ సూదితోని?" అని అడిగేవారు. కోర్టులో ఉందని చెప్పేవాడు. కోర్టు అనగానే వాళ్ళు మాట మార్చేవారు.

డెబ్భైలో దీపావళి పోయాక, ఎప్పటిలాగే సరిహద్దు అవతల నుంచి చెరుకు కోసే కూలీలు దిగారు. తోట పక్కనే చెరుకాకుతో గుడిసెలు కట్టుకున్నారు. వాళ్ళను కూడగట్టి తెచ్చే ముకద్దం తుకారాం యాభై దాటిన మరాఠా మనిషి. ప్రతి ఏడూ వస్తాడు కనుక తెలుగు బాగానే కలిపేవాడు. ఒక పొద్దున దశరథం బండితో వెళ్ళేసరికి కోత సగం కూడా కాలేదు.

"ఏం తుకారాం భావూ, మనుషులు తక్కువున్నరు?"

"తాప్ ఆలా. జ్వరం" అన్నాడు తుకారాం. "పొద్దుగాల మంచిగుంటరు. పగటాల్లకు గజగజ వణుకుతరు. మర్నాడు లేసి పని చేస్తరు, అబ్బా పోయింది అనుకుంటం. మూడో నాడు మళ్ల అదే."

దశరథం చేతిలోని చెరుకు కట్ట బండి మీద పెట్టి గుడిసెల దిక్కు నడిచాడు.

తుకారాం కోడలు గుడిసెలో పడుకుని ఉంది. మీద గొంగడి, దాని మీద గోనెసంచులు, ఇంకా వణుకుతూనే ఉంది. నిండు చూలాలు. పక్క గుడిసెలో ఒక ముసలాయన కళ్ళు తెరవకుండా మూలుగుతున్నాడు. ఇంకా ముగ్గురు నలుగురు. ఆ వణుకు దశరథానికి కొత్తది కాదు. అయినా చూసి నాలుగైదేళ్ళయింది. ఒంట్లో తనకే చలి పుట్టినట్టయింది.

జ్వరమున్న కూలీలు ఇద్దరిని వెంటబెట్టుకుని దగ్గరలోని సర్కారు దవాఖానాకు వెళ్ళాడు. అక్కడి డాక్టరు చెడ్డవాడేం కాదు, కానీ వాకిట్లో జనం నిండి ఉన్నారు. "మలేరియా ఈ తాలూకాలో లేదయ్యా. చలికి వచ్చిన జ్వరం" అని సీసాలో మందు పోసి ఇచ్చాడు.

"ఒక్కసారి రక్తం చూపియ్యిండ్రి సార్."

"తీసేవాళ్ళేరి? చూసేవాళ్ళేరి? ఆ ప్రాజెక్టోళ్ళు ఎప్పుడో పోయారు కదా" అని తర్వాతి మనిషిని పిలిచాడు.

దశరథం అక్కడి నుంచి నేరుగా రాకాసిపేట పోయాడు. ఎజాజ్ సైకిల్ చక్రం విప్పి ముందర వేసుకుని ట్యూబు నీళ్ళలో ముంచి చూస్తున్నాడు. సంగతి వినగానే ట్యూబు వదిలేసి లేచాడు. ముఖం వెలిగిపోయింది.

"నిజంగనా? నువ్వు కండ్లతోని చూసినవా? దశరథం, వచ్చే నెల మన పేషీ ఉన్నది! జ్వరం లేదు, పని లేదు అన్నరు కదా. ఇప్పుడేమంటరు?"

"ముందుగాల రక్తం తియ్యాలె భాయ్. నా దగ్గర పాత పలకలు కొన్ని ఉన్నయి. నువ్వు నిజామాబాద్ తీస్కపోతే దేవిదాస్ చూస్తడు. మందు గూడ…"

దేవిదాస్ ఒకప్పుడు ప్రాజెక్టులో మైక్రోస్కోపు చూసినవాడు. ఇప్పుడు నిజామాబాద్‌లో ఒక ప్రైవేటు డాక్టరు దగ్గర ఉంటున్నాడు.

ఎజాజ్ చెయ్యి పైకెత్తి ఆపాడు. "ఆగు. కొంచెం ఆలోచించు. నువ్వు పోయి గోళీలేసి తగ్గిస్తివనుకో, అప్పుడు జ్వరం లేదు. జ్వరం లేకపోతే మన కేసూ లేదు. మళ్ల వాళ్ళ మాటే నిలబడతది. అదే ఇంకో పదిమందికి వస్తే ఆ డాక్టరే రాస్తడు. పేపర్ల వస్తది. సర్కారే మన ఇంటి ముందుకొస్తది."

"అప్పటిదాంక?"

"అప్పటిదాంక ఊకో. నేను ఎవ్వలనూ సంపుమంటలేను. ఊకో అంటున్న. మనల తీసేసిండ్రు కదా. ఇది మన పని కాదని వాళ్ళే రాసిచ్చిండ్రు కదా."

"తుకారాం కోడలు నెలలు నిండినామె భాయ్" అన్నాడు దశరథం.

ఎజాజ్ కిందికి చూశాడు. చక్రం చేతిలోకి తీసుకుని తిప్పసాగాడు. "మూడేండ్ల సంది తిరుగుతున్నం" అన్నాడు, గొంతు తగ్గించి. "నా పిల్లలు ఏం తింటున్నరో నీకు తెల్వదు."

దశరథానికి తెలుసు. తన ఇంట్లోనూ అదే తిండి. ఎజాజ్ చెప్పినదాంట్లో తప్పు వెతుకుదామనుకున్నాడు గానీ లెక్క ప్రకారం అది నిజమే. లేచి వచ్చేశాడు. తలుపు పరదా వెనక బిల్కిస్ నిలబడి ఉందని అతను చూడలేదు.

మర్నాడు పొద్దున్నే నాగవ్వ సూదులు నీళ్ళలో మరిగించి ఇచ్చింది. అతను ఏం చెయ్యబోతున్నాడో, దానివల్ల కేసు ఏమవుతుందో రాత్రే చెప్పాడు. "ఇప్పుడు పోకపోతే నీకు బువ్వ దిగదు. పో" అంది.

గుడిసెల దగ్గర ఒక్కొక్కరి వేలూ పొడిచి, పలకలు నీడలో ఆరబెట్టి, కాగితంలో చుడుతుండగా గట్టు మీద సైకిల్ గంట వినిపించింది. ఎజాజ్. కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"ఏం చూస్తున్నవ్? పలకలియ్యి. పదిగంటల బస్సు దొరకాలె."

దశరథం పలకలు ఇచ్చాడు. సంచిలో జాగ్రత్తగా పెట్టుకుంటూ ఎజాజ్ తనంతట తానే చెప్పాడు. "మొదటి కాన్పప్పుడు బిల్కిస్‌కు ఇదే జ్వరం. బిడ్డ దక్కలేదు. అప్పుడు ఈ ప్రాజెక్టు లేకుండె. రాత్రంత ఒక్కటే అడిగింది. నువ్వు పోతవా, నేను పోవాల్నా అని."

పలకలన్నింటిలోనూ మలేరియా ఉంది. దేవిదాస్ ఒకటికి రెండుసార్లు చూసి, తన డాక్టరును బతిమాలి మందు ఇప్పించాడు. ఆ పక్షమంతా ఇద్దరూ గుడిసెల చుట్టూ తిరిగారు. తుకారాం కోడలు కోలుకుంది. ఆ నెలలోనే ఆడపిల్లను కన్నది. ముసలాయన మాత్రం మందు అందిన రోజే పోయాడు. అతని చెయ్యి పట్టుకుని గోళీ మింగించింది దశరథమే. రెండు రోజుల ముందు వచ్చి ఉంటే బతికేవాడేమోనన్న అనుమానం అతన్ని తర్వాత కూడా వదల్లేదు.

దోమల మందు కొట్టకపోతే జ్వరం ఊళ్ళలోకి పాకుతుందని దశరథానికి తెలుసు. అందుకే దేవిదాస్ రాసిచ్చిన కాగితం పట్టుకుని, తనను తీసేసిన ఆఫీసుకే వెళ్ళాడు. అధికారి కొత్తవాడు. చదివి ముఖం ముడుచుకున్నాడు.

"ఎవరి ఆర్డరు మీద రక్తం తీశావు?"

"ఎవ్వలూ ఇయ్యలేదు సార్."

"సర్కారు ఉద్యోగినని చెప్పుకుని తిరుగుతున్నావా? దీనికి జైలుంది తెలుసా?"

మందు కొట్టడానికి మనుషులు రాలేదు. కోర్టులో మాత్రం సర్కారు వకీలు కొత్త కాగితం వేశాడు. ఈ ఇద్దరూ ఉద్యోగం లేకపోయినా ఉద్యోగులమని నటిస్తూ కూలీల మీద సూదులు ప్రయోగించారనీ, ఇలాంటివాళ్ళను పనిలోకి తీసుకోవాలని అడగడమే విడ్డూరమనీ అందులో ఉంది.

బాపురావు మండిపడ్డాడు. "నన్నొక్క మాట అడగకపోతివి! నేనే ఒక డాక్టరును తోల్కొని పోదును కదా!" అన్నాడు. తర్వాత దగ్గు తగ్గేదాకా ఆగి, "ఆ ముకద్దం వచ్చి సాక్ష్యం చెప్తడా?" అని అడిగాడు.

కోతలు అయిపోయి కూలీలు అప్పటికే తమ ఊళ్ళకు వెళ్ళిపోయారు. ఎజాజ్ సైకిలేసుకుని సరిహద్దు దాటి, తుకారాం ఊరు వెతుక్కుంటూ పోయాడు. ఎండలు ముదిరిన రోజులు. తిరిగి వచ్చి, "వస్తనన్నడు" అని మాత్రం చెప్పి మంచం మీద వాలిపోయాడు.

నిజామాబాద్ కోర్టులో ఆ రోజు దశరథం బోనెక్కాడు. నాగవ్వ, బిల్కిస్ వరండాలో కిటికీ దగ్గర నిలబడ్డారు. సర్కారు వకీలు తాపీగా మొదలుపెట్టాడు.

"రక్తం తీసిన రోజు నువ్వు సర్కారు నౌకరివా?"

"కాదు సార్."

"డాక్టరువా?"

"కాదు సార్."

"మరి అది మలేరియా అని నీకెట్లా తెలుసు?"

"తెల్వదు సార్. అనుమానమొచ్చింది. తెలుసుకుందామనే రక్తం తీసిన."

"నీ కేసుకు పనికొస్తుందనే తీశావు. అవునా?"

దశరథం నోరు తెరిచేలోపే జడ్జి కలగజేసుకున్నాడు. నడివయసు మనిషి, అప్పటిదాకా తల వంచి రాసుకుంటున్నవాడు తలెత్తాడు.

"మందు ఇవ్వకుండా ఉంటే జ్వరం పెరిగేది. మలేరియా ఉందని సర్కారే ఒప్పుకోవలసి వచ్చేది. అప్పుడు నీ కేసు ఇంకా బలపడేది. ఈ సంగతి నీకు తోచలేదా?"

"తోచింది హుజూర్. మేమిద్దరం దాని మీద మాట్లాడుకున్నం గూడ."

వెనక బెంచీ మీద ఎజాజ్ తల దించుకున్నాడు.

"మాట్లాడుకుని ఏం చేశారు?"

"ఎజాజ్ భాయ్ పలకలు నిజామాబాద్ తీస్కపోయిండు హుజూర్. మందు తెచ్చింది గూడ ఆయననే."

అంతకంటే ఎక్కువ అతను చెప్పలేదు. జడ్జి కూడా అడగలేదు.

తరువాత తుకారాం వచ్చాడు. ఉతికిన ధోవతి, కొత్త పాగా, చంకలో మనవరాలు. కోర్టు బంట్రోతు పిల్లను బయట వదిలి రమ్మంటే, బిల్కిస్ కిటికీలోంచి చేతులు చాచి తీసుకుంది. తుకారాం మరాఠీ, తెలుగు కలిపి మాట్లాడాడు. జడ్జికి రెండూ వచ్చు.

"ఈ మనిషి సర్కారు తరఫున వచ్చానని చెప్పాడా?"

"లేదు సాహెబ్. నేనే అడిగిన, నువ్వు సర్కారోనివా అని. ఒకప్పుడు ఉంటి, ఇప్పుడు తీసేసిండ్రన్నడు. బండికి చెరుకెత్తే కూలీ అని నాకు తెలుసు కదా. మాతోనే పని చేస్తుండె."

"తెలిసీ వేలు ఎందుకిచ్చారు?"

తుకారాంకు ఆ ప్రశ్నే వింతగా అనిపించినట్టుంది. "ఇంకెవ్వలొచ్చిండ్రు సాహెబ్, వాళ్ళకియ్యటానికి?" అన్నాడు.

డెబ్భై ఒకటి వానాకాలంలో తీర్పు వచ్చింది. వెనక చేరినవాళ్ళను ఉంచుకుని వీళ్ళను తీసేయడం చెల్లదు, తాలూకాలో మలేరియా లేదన్న మాట నిలబడదు, ఇద్దరినీ తిరిగి పనిలోకి తీసుకోవాలి, పర్మనెంట్ చేసే విషయం సర్కారు తన నిబంధనల ప్రకారం ఆలోచించాలి. బాపురావు చివరి వాక్యాన్ని రెండుసార్లు చదివి, "ఇది సగమే" అన్నాడు. "మిగిలిన సగం కోసం ఇంక తిరగాలె."

సర్కారు హైదరాబాద్‌లో అప్పీలుకు పోయింది. ఈలోగా దశరథం భయపడ్డట్టే అయింది. ఆ ఏడు కాలువ ఊళ్ళలో చలిజ్వరం మళ్ళీ లేచింది. ఆఫీసు కొత్త మనుషులను, మళ్ళీ తాత్కాలికంగానే, తీసుకోసాగింది. ఒక రోజు ఈ ఇద్దరికీ కబురొచ్చింది. కేసు వెనక్కి తీసుకుంటామని సంతకం పెడితే రేపటి నుంచే పని, అదే జీతం, అదే తాత్కాలికం.

ఆఫీసు బయట చాయ్ హోటల్లో ఇద్దరూ చాలాసేపు కూర్చున్నారు. ఈసారి సంతకం పెడదామన్నది దశరథం. "ఊళ్ళె ఇంటికొకరు జ్వరంతోని పండిండ్రు భాయ్. కొత్త పిలగాండ్లకు ఇండ్లు తెల్వవు, మనుషులు తెల్వరు. కేసు సంగతి తర్వాత చూద్దాం."

"తర్వాత ఉండదు" అన్నాడు ఎజాజ్. "ఆనాడు నీ మాట విన్న. ఇయ్యాల నా మాట విను. జ్వరం చూసుడు ఎట్లనో నీకు తెలుసు. గీ ఆఫీసోళ్ళను చూసుడు నాకు తెలుసు. సంతకం పెట్టం. తీర్పు కాగితం పట్టుకొని రోజూ వచ్చి ఈ వరండాల కూసుందాం. మనుషులు కావాలంటే వాళ్ళే పిలుస్తరు."

దశరథం ఒప్పుకున్నాడు. కానీ వరండాలో ఎజాజ్ ఒక్కడే కూర్చున్నాడు. దశరథం పగలంతా ఊళ్ళు తిరిగి, జ్వరం ఉన్నవాళ్ళను దవాఖానాకు నడిపించి, సాయంత్రం వచ్చి అతని పక్కన కూర్చునేవాడు. ఇద్దరి టిఫిను బిల్కిస్ పంపేది. దసరా దాటాక, జ్వరాల లెక్క హైదరాబాద్ దాకా పోయి పైనుంచి మందలింపు వచ్చాక, అధికారి ఇద్దరినీ లోపలికి పిలిచి, అప్పీలు తేలేవరకు అన్న షరతు మీద సూదులు, పలకలు చేతికిచ్చాడు. "సంతకం?" అని ఎజాజ్ అడిగాడు. "వద్దులే, వెళ్ళండి" అన్నాడు అధికారి విసుగ్గా.

అప్పీలు నాలుగేళ్ళు నడిచింది. డెబ్భై ఐదు చివర్లో కొట్టేశారు. ఆ తర్వాత కొన్ని నెలలకు పర్మనెంట్ ఆర్డర్లు వచ్చాయి. ఎజాజ్ తన కాగితమూ దశరథం కాగితమూ రెండూ ఆఫీసులో తీసుకుని, బిల్కిస్‌ను వెంటబెట్టుకుని ఆదివారం వర్ని వచ్చాడు. నాగవ్వ కోడిని కోయించింది. అరుగు మీద కూర్చుని ఎజాజ్ ఆర్డరు బిగ్గరగా చదివాడు. దశరథం జుట్టు అప్పటికే చెవుల పక్కన నెరిసింది. తన పేరు పక్కన 'పర్మనెంట్' అన్న మాట వినిపించినప్పుడు అతను ఏదో పని ఉన్నట్టు లేచి ఇంట్లోకి వెళ్ళి, కాసేపు గోడ వైపు తిరిగి నిలబడి, మళ్ళీ వచ్చి కూర్చున్నాడు.

"కింద ఇంకోటి ఉన్నది" అన్నాడు ఎజాజ్, ఈసారి మెల్లగా. "సర్వీసు తీర్పొచ్చిన నాటి సంది లెక్క పెడతరట. దానికి ముందు చేసింది లెక్కకు రాదట."

అరవై నుంచి అరవై ఏడు దాకా తిరిగిన తిరుగుడంతా పోయిందన్నమాట.

"పోనీ భాయ్" అన్నాడు దశరథం. "దొరికింది సాలు. ఇంక ఎన్నిసార్లు ఎక్కుతం ఆ మెట్లు?"

వడ్డిస్తున్న నాగవ్వ గరిటె గిన్నెలో పెట్టేసింది.

"ఏం సాలు? నిండు కాలువల సైకిల్ నెత్తి మీద వెట్టుకొని నువ్వు దాటుతుంటె గట్టు మీద నిలవడి సూసింది నేను. పెద్దోడు పుట్టిన నాడు నువ్వు ఇంట్ల లేవు, ఎవలింట్లనో గోళీలు మింగిపిస్తున్నవ్. గా ఏండ్లు లేవంటే ఎట్ల? ఉన్నయి కదా!"

"అట్ల చెప్పు నాగవ్వా!" అంది బిల్కిస్. "నేను పొడిసిన వేళ్ళు గూడ ఆ ఏండ్లల్లనే ఉన్నయి. అవి ఎట్లాగూ ఎవ్వలు రాయరు. ఈయన పేరు మీదనన్న రాయనీ."

ఎజాజ్ పెద్దగా నవ్వాడు. "అయిపాయె. సోమవారం బాపురావు సాబ్ దగ్గరికి పోదాం."

"సోమవారం ఎట్ల కుదురుతది? నేను ఊళ్ళకు పోవాలె కదా" అన్నాడు దశరథం.

"సెలవు పెట్టు."

దశరథం తినడం ఆపి అతని వైపు చూశాడు. తాత్కాలికపు మనిషికి సెలవు లేదు. రాని రోజు జీతం కోత, నాలుగు రోజులు రాకపోతే పేరే కోత. పెండ్లాం కాన్పుకు గానీ, తండ్రి దినాలకు గానీ ఇన్నేళ్ళలో అతను ఒక్క సెలవు అడగలేదు.

"మనకు సెలవులుంటయా ఇప్పుడు?"

"ఉంటయి. హక్కు."

"ఎట్ల రాస్తరు?"

అన్నాలయ్యాక ఎజాజ్ కాగితం, కలం అడిగి తీసుకుని, ఒకటి తనకు, ఒకటి దశరథానికి, పక్కపక్కనే పెట్టుకుని రాశాడు. కారణం అన్నచోట కలం ఆపి, "ఏం రాయమంటవ్?" అని అడిగాడు.

"కోర్టు పని అని రాయి" అన్నాడు దశరథం. సంతకం పెట్టి, సిరా ఆరేదాకా కాగితాన్ని రెండు చేతులతో పట్టుకుని కూర్చున్నాడు.